అచ్చరానికి పన్నెండు

ఎర్రగుంట్లలో పాలిష్ మిల్లుల దుమ్ము కింద
నాది రేకుల కొట్టు.
నాపరాయి మీద పేర్లు చెక్కుతా,
సమాధులకు, గృహప్రవేశాలకు, నీళ్ళ ట్యాంకులకు.
అచ్చరానికి పన్నెండు రూపాయలు.
ఒత్తులకు లెక్క కట్టను.

కుళ్ళాయమ్మ టీచరు చీటీ తెచ్చింది:
సముద్రపు మొసలి.
ఏడచ్చరాలు, ఎనభై నాలుగు.
బడిలో పిల్లోళ్ళు సిమెంటుతో చేసినారంట,
మూరెడు మూతి, పండ్లకు తుమ్మముండ్లు.
దాని కింద పెట్టను పేరు కావాల.

చెక్కిచ్చినా.
ఎనిమిదో నాడు ఆ పలకను లూనా ఎనక కట్టుకొని
మళ్ళీ వచ్చింది.
"దస్తగిరీ, తప్పు పడింది.
ఇది మొసలి కాదు."

నా ఉలి తప్పేమోనని వేలితో తడిమి చూసుకుంటి.
కొమ్ములు, గుడులు సరిగ్గానే ఉండాయి.
"నీది కాదప్పా, నాది తప్పు.
ఇది మొసలికి దాయాది.
ఇప్పటి మొసళ్ళు పుట్టకముందే
వేరు కాపురం పెట్టుకున్న జాతి."

దాయాది అంటే మా పక్క
గట్టు కాడ కేసేసినోడు.
ముక్కు ఒకటే, మాటల్లేవు.

"మకరం అని కొడదామా?" అంటి.
గుడి తోరణాలకు ఎన్ని చెక్కలేదు నేను!
"దానికి ఏనుగు తొండం పెడతారు మీరు,
నెమలి తోక పెడతారు.
ఇది నిజంగా బతికిందప్పా."

బండకు ఆనుకొని కూర్చొని చెప్పుకొచ్చింది.
ఆ వంశంలో కొన్ని వీపు మీది పెంకులు విడిచేసి,
కాళ్ళను తెడ్లు చేసుకొని,
తోకకు చేపరెక్క తగిలించుకొని
గట్టు మాటే మరిచినాయంట.
పుస్తకంలో వాటి పేర్లు చదివింది.
టీలియోసారస్ అంటే నిండు బల్లి.
మెట్రియోరింకస్ అంటే ఓ మోస్తరు ముక్కుది.

"ఓ మోస్తరు ముక్కా?"
ఇద్దరం ఎంత నవ్వితిమో,
పక్క మిల్లులో రంపం ఆగింది కూడా తెలీలేదు.

స్టెనియోసారస్, సన్నబల్లి.
ఆ పేరు మాత్రం కొట్టేసినారంట.
రెండొందల ఏండ్ల దగ్గర దగ్గర నడిచిన పేరు.
మొదట ఏ ఎముకను చూసి పెట్టినారో
ఆ ముక్క ఆనవాలుకు చాలదని
'అనుమానం' అని రాసి పక్కన పెట్టినారు.

మాయమ్మ పేరు ఇట్లే రేషన్ జాబితాలో కొట్టేసినారు,
వేలిముద్ర అరిగిపోయిందని.
సంచి పట్టుకొని ఆయమ్మ డీలరు ముందర నిలబడే ఉంది,
"ఉండాను గదా నాయనా" అంటా.

నేను చెక్కే రాళ్ళ కింద
మనిషి కరిగిపోతాడు, పేరు మిగుల్తుంది.
ఆ సన్నబల్లికి ఎముకలు మిగిలినాయి.

"మన రాళ్ళలో దొరుకుతాయా అవి?" అని అడిగితి.
"దొరకవు. ఇది ఎముక పుట్టకముందు రాయి.
దీనికి పండ్లు తెలీవు, దవడ తెలీదు.
సముద్రం ఒక్కటే తెలుసు."
గోడకు ఆనించిన పలకను తిప్పి
వెనకవైపు చూపించింది.
అలల గీతలు.
ఇరవై ఏండ్లుగా నేను మిల్లుకు పంపి
నున్నగా అరగదీయించినవి.

కొత్త పేరు ఆ వైపే కావాలంది.
"గరుకు మీద ఉలి జారుతుందమ్మా" అంటే
"జారనీ" అంది.
అలల మీదనే కొడితి:

మొసలి దాయాది
పొడుగుమూతి
ఉప్పునీళ్ళది

పదహారచ్చరాలు, నూటతొంభై రెండు.
రెండు రూపాయలు వదిలేస్తి.

పాత పలక నా దగ్గరే ఉండిపోయింది.
తప్పు పేరు ఎవరు కొంటారు?
కొళాయి కాడ ఏసినాం.
మా ఖాసింబీ దాని మీదే గుడ్డలుతుకుతుంది.
నాలుగు రోజులకొకసారి వచ్చే నీళ్ళు
ఆ ఏడచ్చరాల్లో నిలబడతాయి.
'సముద్రపు' ముందు నిండుతుంది,
అటుపక్క పలక కాస్త పల్లం.
'మొసలి' ఎండే ఉంటుంది,
సబ్బు నురగ అందేదాకా.